బొటనవేలి గోటిలో నల్లగీత

క్విన్సీ ఊళ్ళోని మా నెయిల్ సెలూన్‌లో డిసెంబరు వచ్చిందంటే ఊపిరి సలపదు. ఆ ఏడు వచ్చినవాళ్ళందరిదీ ఒకటే కోరిక: ఫ్రెంచ్ మానిక్యూరే కావాలి, కానీ వేసినట్టు ఉండకూడదు. లేత గులాబీ పూత, గోటి కొసన దారమంత తెల్లగీత. అచ్చులు అంటించకుండా ఆ గీతను చేత్తో లాగగలిగేది మాలో సువాంగ్ ఒక్కతే. పదకొండేళ్ళుగా ఆమె పక్క కుర్చీ నాది.

క్రిస్మస్‌కు ఇంకా పన్నెండు రోజులుందనగా నొరీన్ వచ్చింది. స్కూలు బస్సు నడుపుతుంది. ఏడాదికోసారి, పండక్కి మాత్రమే గోళ్ళు చేయించుకుంటుంది. ఈసారి ఆమె కుడి బొటనవేలి గోటిలో మొదలు నుంచి కొస దాకా నల్లని గీత ఉంది. పక్కన చర్మంలోకి కూడా మరక పాకింది.

"ఇదేంటి నొరీన్? ఎక్కడైనా నలిగిందా?" అని అడిగింది సువాంగ్.

"బస్సు తలుపులో పడుంటుంది. వేసవి నుంచీ ఉందిలే. అక్కడ కాస్త దట్టంగా పుయ్యి సూజీ, కోడలు ఫొటోలు తీస్తుంది." కస్టమర్లకు సువాంగ్ అంటే సూజీ.

దెబ్బ మరకైతే గోటితోపాటు పెరిగి ముందుకు జరగాలి. ఇది మొదట్లోనే పాతుకుని ఉంది. సువాంగ్ ఏదో అనబోయింది. అంతలో యజమానురాలు లియూ మా వియత్నాం భాషలో గొంతు తగ్గించి, "అక్కా, మనం డాక్టర్లం కాదు. పండగ పూట జనాన్ని హడలగొట్టకు" అంది.

సువాంగ్ మూడు పూతలు వేసింది. గీత మాయమైంది. నొరీన్ చేతులు చూసుకుని మురిసిపోతూ వెళ్ళింది.

మర్నాటి నుంచి సువాంగ్‌కు కుదురు లేదు. నూడుల్స్ గిన్నె ముందు పెట్టుకుని చల్లారబెట్టేసేది. ఒకావిడకు మొదటి పూత ఆరకముందే రెండోది వేసి, చివాట్లు తింది.

"దాచిపెట్టింది నేనేగా?" అని నన్ను రోజూ అడిగేది.

"ఫోన్ చెయ్యి అక్కా."

"ఫోన్లో నా ఇంగ్లీషు ఎవరికి అర్థమవుతుందే? ఎదురుగా అయితే చేతులతోనైనా చెబుతాను."

నాలుగో రోజు మధ్యాహ్నం లియూకు చెప్పకుండా, నొరీన్ బస్సు నడిపే స్కూలు దగ్గరికి బయల్దేరింది. మంచులో జారిపడుతుందేమోనని నేనూ వెంట వెళ్ళాను. బస్సు తలుపు తీసి ఉంది. సువాంగ్ మెట్టెక్కి, పలకరింపైనా లేకుండా నొరీన్ చెయ్యి పట్టుకుని, జేబులోంచి రంగు చెరిపే మందులో తడిపిన దూది తీసి ఆ ఒక్క గోటి రంగు తుడిచేసింది.

"పిచ్చి పట్టిందా? పండగ ఇంకా వారముంది!"

"ఇది దెబ్బ కాదు. డాక్టరుకు చూపించు. పండగయ్యాక కాదు, ఇప్పుడే."

"గోళ్ళు చెయ్యడం నీ పని. నా ప్రాణం తియ్యడం కాదు. దిగు!"

తలుపు మూసుకుంది. సంగతి తెలిసి లియూ రెండు రోజులు ముఖం మాడ్చుకుంది. క్రిస్మస్ వెళ్ళింది, జనవరి వెళ్ళింది. వీధిలో పసుపు స్కూలు బస్సు కనబడితే చాలు, సువాంగ్ చేతిలో పని ఆపి తలెత్తి చూసేది.

ఫిబ్రవరిలో నొరీన్ వచ్చింది. కుడిచేతికి కట్టు. బొటనవేలు పై కణుపు వరకూ తీసేశారు.

"క్యాన్సరట. ఇంకా పాకలేదన్నారు. నీ మీద ఎంత మండిపోయానో తెలుసా? తొమ్మిది గోళ్ళకి రంగుండి ఒకటి బోసిగా ఉంటే కోడలు పట్టేసింది. మర్నాడే డాక్టరు దగ్గరికి లాక్కెళ్ళింది."

లియూయే గోరువెచ్చని నీళ్ళ గిన్నె తెచ్చి, నొరీన్ ఎడమచెయ్యి అందులో ముంచింది.

సువాంగ్ అడిగింది: "మళ్ళీ పరీక్ష ఎప్పుడు?"

"మే నెలలో."

మే దాకా సువాంగ్ ఆ సంగతి నాకు గుర్తుచేస్తూనే ఉంది. మేలో ఏమీ లేదన్నారు, ఆగస్టులోనూ అంతే. అయినా ఇప్పటికీ ఎవరు వచ్చినా పాత రంగంతా తుడిచి, చేతుల్ని కిటికీ వెలుతురుకు తిప్పి చూస్తుంది. తొందరలో ఉన్నవాళ్ళు విసుక్కుంటారు. లియూ మాత్రం ఏమీ అనదు.