హన్నా అంటే కృప

ఆఫీసు పని మీద నోయిడా వెళ్లిన మూడో రోజే జ్వరంతో ఆసుపత్రిలో చేరాను. చూడటానికి వచ్చేవాళ్లు ఎవరూ లేరు. రోమింగ్‌లో ఇంటికి రెండు ముక్కలు మాట్లాడి ఫోన్ పెట్టేస్తే, సెలైన్ మారుస్తున్న నర్సు "తెలుగువాళ్లా అక్కా?" అంది. అమలాపురం అమ్మాయి, పేరు హన్నా.

"హీబ్రూ పేరక్కా. కృప అని అర్థం. బైబిల్లో బిడ్డ కోసం ఏడ్చిన తల్లి పేరు. పెళ్లైన పదేళ్లకి పుట్టానని మా అమ్మ పెట్టుకుంది. హిందీలో హాఁ అంటే ఔను, నా అంటే కాదు కదా, 'ఔనా, కాదా?' అని ఇక్కడ నవ్వుతారు. అందుకే సిస్టర్ అనే పిలిపించుకుంటాను. అమ్మ పోయాక పేరుతో పిలిచేవాళ్లే లేరు."

డిశ్చార్జి రోజు వార్డు చివర కనిపిస్తే "హన్నా!" అని పిలిచాను.

"ఆయ్!" అంటూ పరుగున వచ్చింది. "ఏం కావాలక్కా?"

ఏమీ వద్దన్నాను.

"అయితే ఇంకోసారి పిలవండక్కా" అంది.