దర్శి నుంచి గుంటూరుకు, గ్రాండ్‌మాస్టర్ ఎదుటికి

చదరంగం పోటీలకని పిల్లల్ని వెంటేసుకుని గుంటూరు వెళ్లేవాళ్లు ఈమధ్య నన్ను దారి అడుగుతున్నారు. దారిదేముంది, చెబుతాను. కానీ మొదటిసారి వెళ్లినప్పుడు నేను పడ్డ భయం చెప్పకుండా దారి ఒక్కటే చెప్పడం నాకు చేతకాదు. అరవైల్లో మాట. దర్శి దగ్గర మా ఊళ్లో మాకు పొగాకు బ్యారన్, అంటే పచ్చి ఆకును వేడికి ఆరబెట్టే కొట్టం, ఉండేది. ఆకు కాల్చే రోజుల్లో మంట తగ్గకుండా ఎవరో ఒకరు కాపలా కూర్చోవాలి. ఆ కాపలాలో నిద్ర రాకుండా నాన్న నాకు చదరంగం నేర్పాడు, మన పాత పద్ధతి ఆట. అందులో బంటు ఎప్పుడూ ఒక్క గడే కదులుతుంది. రాజుకు మాత్రం ఒక వరం ఉంది. ఇంకా చెక్ తగలకముందు, ఆట మొత్తంలో ఒక్కసారి గుర్రంలా దూకి తప్పించుకోవచ్చు.

హైస్కూల్లో మా లెక్కల మాస్టారు నాకు బయటి ప్రపంచపు ఆట నేర్పారు. అందులో బంటు మొదటి అడుగుకు రెండు గళ్లు వేయొచ్చు, రాజుకు ఆ దూకే వరం లేదు. నాకు దాని పిచ్చి పట్టి నాన్నతో ఆడటం మానేశాను. ఆయన పైకి ఏమీ అనలేదు గానీ లోపల మండుతూనే ఉన్నాడు. అంతలో విదేశీ గ్రాండ్‌మాస్టర్ ఒకాయన గుంటూరు వచ్చి ఒకేసారి ముప్ఫై మందితో ఆడతాడని తెలిసింది. మాస్టారు నా పేరు పంపేశారు. ఎవరి చదరంగం బల్ల వాళ్లే తెచ్చుకోవాలట. నాన్న విని భగ్గుమన్నాడు.

"మన ఆట పనికిరాలేదు గదా నీకు? సరే, పద, నేనే తీసుకెళ్తా. అంతమందిలో నవ్వులపాలు చేశావనుకో, ఆ బల్ల బ్యారన్ పొయ్యిలోకే. ఇంక చదరంగం మాటెత్తితే ఊరుకోను," అన్నాడు.

నాన్న అన్నాడంటే చేసి తీరే రకం. అందుకే ఆ ప్రయాణమంతా నా కళ్లు ఆయన భుజం మీది గోనెసంచి మీదే. అందులోనే ఉంది నా బల్ల. తెల్లవారకముందే దర్శిలో బస్సెక్కాం. అద్దంకిలో మారాలి, అక్కణ్ణుంచి చిలకలూరిపేట మీదుగా గుంటూరు. మనిషికి మూడు రూపాయలకు పైనే అయింది. రెండు పక్కలా పత్తి చేలు తెల్లగా విచ్చుకుని ఉన్నాయి. చూసే ఓపిక ఎవరికుంది? కండక్టరు టికెట్లు కొడుతూ, ఎక్కడికని అడిగాడు. నాన్న గ్రాండ్‌మాస్టర్ సంగతి చెప్పగానే వాడి మొహం వెలిగిపోయింది.

"ఆయనా? పేపర్లో చదివానండీ. పన్నెండేళ్లకే వాళ్ల ఊరి పెద్దోళ్లందర్నీ ఓడగొట్టాడంట. మీసాలు రాకముందే ఆ దేశానికి ఛాంపియనంట. ప్రపంచ ఛాంపియన్ పదవి ఒక్క ఆటలో జారిపోయిందంట. కళ్లకు గంతలు కట్టుకుని పదిమందితో ఆడతాడంటండీ! ఇంతకీ ఆడేది మీరా?"

"నేను గాదు. ఇదిగో, ఈ పిల్ల," అన్నాడు నాన్న.

"అమ్మో! అయిపోయావమ్మాయ్," అని వాడు నవ్వాడు. చిలకలూరిపేటలో బస్సు ఆగితే నాన్న నాలుగిడ్లీలు, అల్లం చట్నీ తెప్పించాడు. హోటలు వంటాయన నా ఆకులో మిగిలిన ఇడ్లీలు చూసి, "ఏమ్మా, మా ఇడ్లీ నచ్చలా?" అని నొచ్చుకున్నాడు. ఆయనకేం చెప్పను, ముద్ద దిగితేగా!

పదకొండు గంటలకు గుంటూరులో దిగేసరికి మిరపకాయల ఘాటు గొంతులో పట్టేసింది. రిక్షాలో ఓ కాలేజీ హాలుకు చేరాం. మేజాలు గుండ్రంగా వేసి వాటి మీద మా బల్లలు పెట్టించారు, వెనక తాడు కట్టి జనాన్ని నిలబెట్టారు. ముప్ఫై మందిలో ఆడపిల్లను నేనొక్కదాన్నే. ఆయన ఆరడుగుల పొడుగు, పాలిపోయిన మొహం. లోపలి వైపు నడుస్తూ ఒక్కో బల్ల దగ్గర ఒక్క క్షణం ఆగి, ఎత్తు వేసి పోతున్నాడు. ఆయన మన ముందుకొచ్చాకే మనం కదపాలి. ఆ బూట్ల చప్పుడు దగ్గరవుతుంటే నా ఎత్తును మళ్లీ మొదట్నుంచీ లెక్కేసుకునేదాన్ని. అయినా మధ్యాహ్నం దాకా నిలబడ్డాను. పక్కన ఒక్కొక్కరే లేచి పోతున్నారు. అప్పుడు చూశాను, నా రాజు మూలన ఇరుక్కుపోయాడు. వచ్చే ఎత్తుకు ఆట కట్టు. బూట్లు నా ముందు ఆగాయి. నా చెయ్యి రాజును పట్టుకుని గుర్రంలా ఎగిరించి అవతల పెట్టేసింది!

హాల్లో ఎవరో కిసుక్కున నవ్వారు. నిర్వాహకుడు పరుగెత్తుకొచ్చి, "ఏంటమ్మా ఇది? రూల్సు తెలియకుండా ఎందుకొచ్చారు? లేవండి," అన్నాడు. నేను వెనక్కి చూడలేదు. బ్యారన్ పొయ్యే కనబడుతోంది కళ్ల ముందు. అంతలో తాడు కింద నుంచి దూరి నాన్న నా పక్కకొచ్చాడు. తలగుడ్డ తీసి చేతిలో నలుపుతున్నాడు.

"తప్పు పిల్లది గాదండీ. మా ఆటలో ఉంది. రాజు ఒక్కసారి అట్టా దూకొచ్చు. నేర్పింది నేనే."

గ్రాండ్‌మాస్టర్ వెంట ఉన్న దుబాసీ అది ఆయనకు చెప్పాడు. ఆయన నవ్వలేదు. నా రాజును పాత గడిలో పెట్టి, ముట్టుకున్నాను గనుక దాన్నే నియమం ప్రకారం కదపమన్నాడు. తర్వాత నాన్న వైపు తిరిగి, మీ బంట్లు ఎలా నడుస్తాయని అడిగించాడు.

"ఒక్కో గడేనండీ. మా బంట్లకు పరిగెత్తడం రాదు," అన్నాడు నాన్న. ఆయన తల పంకించి, నాన్నకు చెయ్యి అందించాడు. ఉన్న ఒక్క గడిలోకి రాజును జరిపాను. ఆయన మరో ఎత్తుతో ఆట కట్టేశాడు.

సాయంత్రం బస్సులో నాన్న సంచిని ఒళ్లో పెట్టుకుని కిటికీలోంచి చూస్తూ కూర్చున్నాడు. చిలకలూరిపేట దాటింది. నవ్వులపాలయ్యాను గదా, ఇల్లు చేరగానే బల్ల పొయ్యిలోకేనని నా భయం. అద్దంకిలో బస్సు మారాక ఆయన సంచి విప్పాడు. కిటికీలోంచి విసిరేస్తాడేమోనని ఆయన చెయ్యి పట్టుకోబోయాను. ఆయన బల్లను మోకాళ్ల మీద పెట్టుకుని బంట్లు పేర్చాడు.

"ఏందే ఆ చూపు? ఆ రెండు గళ్ల అడుగేందో చూపిచ్చు," అన్నాడు. "నాకది తెలిసుంటే నీకు మొదట్నే అదే నేర్పేవాణ్ణి గదా."

నాకు ఏడుపు ఆగలేదు. ఆ రోజు ఆ హాల్లో నాకంటే ఎక్కువ భయపడింది ఆయనేనని అప్పటికి గానీ అర్థం కాలేదు. చదువుకున్నవాళ్లందరి మధ్యకు తాడు దూరి రావడానికి ఆయనకెంత గుండె కావలసివచ్చిందో, పిల్లల్ని పోటీలకు తీసుకెళ్లిన ప్రతిసారీ తలుచుకుంటాను. ఆ దారిన వెళ్లేవాళ్లకు నేను చెప్పే జాగ్రత్త ఒక్కటే. పావుల్ని సంచిలో కాదు, బిగుతు మూత ఉన్న డబ్బాలో పెట్టుకోండి. అద్దంకి తర్వాత గతుకులకు మా తెల్ల బంటు ఒకటి బస్సులోనే జారిపోయింది. దాని బదులు నాన్న ఓ చింతగింజ పెట్టాడు. తర్వాత ఆయన నాతో ఆడినన్నాళ్లూ, మొదట కదిపేది ఆ చింతగింజనే, అదీ రెండు గళ్లు.