గెడ్డ గట్టు మీది ఈల

పైడితల్లి పెళ్ళి ఒక ఈల దగ్గర ఆగిపోయింది.

డెబ్భై ఆరులో సంగతి. గోపాలపట్నం వెనక పారే గెడ్డలో ఆమె తండ్రి పోలిరాజు సాయంత్రం వెదురు బుట్టలు ముంచి, తెల్లారి చేపలతో ఎత్తేవాడు. ఐదో తరగతిలో బడి మాన్పించిన నాటి నుంచి పైడితల్లికీ అదే పని. వైశాఖంలో మేనబావ అర్జునరావుతో పెళ్ళి అనుకున్నారు. అతను పోర్టులో కలాసీ. రాత్రి డ్యూటీ దిగి, తెల్లవారాక గెడ్డ గట్టు మీదుగానే ఇంటికి పోతాడు.

చైత్రం రాగానే బుట్టలు చిరిగి ఖాళీగా తేలసాగాయి. తెల్లారేవేళ గట్టున జమ్ముగడ్డిలోంచి సన్నటి ఈల వినిపించేది.

"ఆడే!" అని పోలిరాజు తువ్వాలు విదిలించాడు. "పిల్లకి ఈలేత్తన్నాడు, నా సేపలట్టుకుపోతన్నాడు. ఈ పెళ్ళి లేదు, పొండి!"

"నా తమ్ముడి కొడుకు దొంగేటి?" అని లేచింది తల్లి చిట్టమ్మ. "మా ఈది సివర నువ్వెయ్యలేదేటి ఈలలు?"

పైడితల్లి నాలుగు తెల్లవారుజాములు జమ్ము చాటున కూర్చుంది. బురదలో అడుగులు కనబడ్డాయి, వేళ్ళ మధ్య పొరతో సహా. బావ పాదాలు తలుచుకుని ఫక్కున నవ్వింది.

ఐదో రోజు తండ్రిని చెయ్యి పట్టి లాక్కెళ్ళింది.

నీటికుక్కలు! తల్లి, తండ్రి, మూడు పిల్లలు. చేపను రెండు చేతులా పట్టుకుని తల నుంచి కరకరా నమిలేశాయి. పొట్ట నిండగానే బురదగట్టు మీంచి బోర్లా జర్రున నీళ్ళలోకి, మళ్ళీ పైకి, మళ్ళీ జర్రున. నీళ్ళకి జడిసిన బుల్లిదాన్ని తల్లి మెడ కరిచి ముంచేసింది.

"ఓలమ్మో, ఈ వయసొచ్చినా ఇలాటిది సూళ్ళేదు..." అంటూ పోలిరాజు ముందుకు వంగాడు. కాలు జారింది. ఆ జారుడు మీదే వెల్లకిలా వెళ్ళి గెడ్డలో పడ్డాడు.

డ్యూటీ దిగి వస్తున్న అర్జునరావు పరుగున దూకి పట్టుకున్నాడు. "మావా! ఏటిది, తెల్లారే తానమా?"

నీటికుక్కలు చేరిన అవతలి జమ్ములో ఈల మోగింది. పోలిరాజు అల్లుడి నోటికేసి చూశాడు. మూసే ఉంది. ముక్కులోంచి నీళ్ళు కారుతుండగానే పోలిరాజు పొట్ట పట్టుకుని నవ్వాడు.

"బుట్టలు ఇనప తీగతో అల్లుదాం మావా," అన్నాడు అర్జునరావు.

"అల్లుదాం గానీ, ఆ సిన్నది మళ్ళీ జారతాదేమో ఉండు, సూద్దాం," అంటూ గట్టు మీద చతికిలబడ్డాడు పోలిరాజు.

ఎంతసేపటికీ లేవడే! పైడితల్లి ఇక ఆగలేకపోయింది.

"అయ్యా, లగ్గం ఎప్పుడు?"

అనేసి, పైట ముఖాన కప్పుకుని ఇంటి వైపు పరుగు.

"బాగానే అడిగింది, బదులు సెప్పు మావా!" అంటూ అర్జునరావు పోలిరాజు భుజం కుదిపాడు.

"వైశాకం దసమికే! దసమికే!" అని కేకేశాడు పోలిరాజు. నీటికుక్కలు అదిరి బుడుంగున మునిగాయి.