నీడ పక్క ఆడేవాడు

కరీంనగర్ నుంచి మంచిర్యాల పోయే బస్సులో ఎటుపక్క కూర్చోవాలో నేనింతవరకు తేల్చుకోలేకపోయాను. నీడ చూసుకునే కూర్చుంటాను. ఊరు దాటగానే రోడ్డు మలుపు తిరుగుతుంది, ఎండ వచ్చి నా ఒళ్లో కూర్చుంటుంది. అప్పుడు తప్పకుండా ఒక్కడు గుర్తొస్తాడు. నీడను వదలని నా దోస్తు.

డెబ్బయిలలో సిరిసిల్ల ఫుట్‌బాల్ జట్టుకు అతను లెఫ్ట్ వింగర్. ఎడమ గీత వెంట బంతి తీసుకుపోతుంటే అడ్డం వచ్చినవాడు తాను ఎటు పడాలో కూడా అతన్నే అడగాల్సి వచ్చేది. అయినా ఊళ్లో సగం మందికి అతనంటే మంట. హాఫ్ టైమ్‌లో జట్లు వైపులు మారతాయి కదా, లెఫ్ట్ వింగర్ అవతలి గీతకు పోవాలి. ఇతను పోడు. స్కూలు గోడ నీడ పడే పడమటి గీత దగ్గరే ఉండిపోయి, రైట్ వింగర్‌ను ఎండలోకి తోలేవాడు. మా వాడి కుడికాలు నిలబడటానికి తప్ప మరెందుకూ పనికిరాదు. కాబట్టి రెండో సగంలో మాది మామూలు జట్టు.

"దొరకు గొడుగు వట్టుండ్రిరా!" అని జనం అరిచేవాళ్లు. ఒకసారి ఎవరో నిజంగానే గొడుగు తెచ్చారు. అతను ఆడుతూనే తిరిగి తిట్టేవాడు, మధ్యలో రిఫరీ వస్తే రిఫరీనీ తిట్టేవాడు. కారణం మాత్రం చెప్పేవాడు కాదు.

ఆ కారణం గోడ కింద తువ్వాల పరుచుకుని కూర్చునేది. వాళ్ల బాపు. సాంచా, అంటే మరమగ్గం, నడిపీ నడిపీ ఆయన చూపు మందగించింది. దగ్గరి గీత మీద పరుగెత్తేవాడి చొక్కా రంగు తెలుస్తుంది, మొహం తెలియదు. మైదానం నడిమి దాటితే అంతా పొగ. అవతల ఎండకు ఎదురుగా కూర్చుంటే ఆ కాస్తా పోతుంది. ఈ సంగతి సాంచాల ఆసామి చెవిన పడితే పని పోతుంది కనుక ఆయన ఎవరికీ చెప్పలేదు, కొడుక్కి కూడా. కొడుకే కనిపెట్టి నాకొక్కడికి చెప్పాడు. నేను పక్కన చేరి ఆట వర్ణించబోతే, "నాకు కండ్లు లేవా బిడ్డా? నోరు మూస్కొని చూడు" అన్నాడు బాపు.

ఆ ఏడు బొగ్గు గనుల జట్టుకు మనుషులను ఏరుకోవడానికి ఇద్దరు సార్లు వచ్చారు. ఎంపికైతే గనిలో నౌకరి. నౌకరి వస్తే బాపు సాంచా వదిలేసి కళ్లు చూపించుకోవచ్చు. సార్ల జీపు ఆలస్యంగా, సరిగ్గా హాఫ్ టైమ్‌కు వచ్చి ఆగింది. వాళ్ల షామియానా అవతలి గీత పక్కన.

మా జట్టును నడిపే డ్రిల్ సార్ మా వాడి దగ్గరికి వచ్చాడు. "అటు వోతవా, ఇంటికి వోతవా?"

దోస్తు గోడ వైపు చూశాడు. కొడుకు ఇటే వస్తాడని బాపు తువ్వాలతో సహా ముందుకు జరుగుతున్నాడు.

"జర బాపు పక్కన కూసో," అన్నాడు నాతో. "ఏమన్న అడుగుతే జెప్పు."

"ఏం జెప్పాలె?"

"నాకేం ఎర్క? కాలేజీ సదివినోనివి నువ్వు గదా."

అని ఎండలోకి నడిచిపోయాడు.

ఆ ఆటను ఇప్పుడూ వర్ణించను. అవతలి గీత మీద అతను చేసిన పనికి, గొడుగు తెచ్చినవాడే గొడుగు గాల్లోకి ఎగరేశాడు. అటువైపు ఈలలు ఆగలేదు. సార్లు కుర్చీల్లోంచి లేచారు. మా ముందు మాత్రం అదే రంగు చొక్కాతో రైట్ వింగర్, బంతి తన దగ్గరికి రాకపోతే బాగుండన్నట్టు తిరుగుతున్నాడు. బాపు అతన్నే కొడుకనుకుని చూస్తున్నాడు.

"ఇయ్యాల ఏమైంది బిడ్డా వీనికి?"

"ఒంటికి ఎండ వడలే కావచ్చు కాకా," అన్నాను. చదువు అంతవరకే పనికొచ్చింది.

ఆట ముగిసింది. సార్లు భుజం తట్టి నౌకరి ఖాయమన్నారు. దోస్తు మైదానం అడ్డంగా పరుగెత్తుకొచ్చి, ఆ మాట చెప్పడానికి ఊపిరి తీసుకుంటున్నాడు. బాపు తువ్వాల దులిపి, చెమట తుడుచుకొమ్మని చేతికిచ్చాడు.

"అటు దిక్కు ఎవడో గానీ మస్తు ఆడిండురా," అన్నాడు. "వాన్ని జూసి జర నేర్సుకో."