మూడో ఏజెంటు

పెద్దముడియం పక్క పల్లెల్లో ఎన్నికలప్పుడు ఒక అలవాటుంది. గెలవని పార్టీ ఏజెంటు ఫారాన్ని గెలిచే పార్టీవాళ్ళు అడిగి పుచ్చుకుంటారు. పేరు ఆ పార్టీది, బూత్‌లో కూర్చునేది వీళ్ళ మనిషి. కిందటిసారి ఎర్రజెండా పార్టీ మనిషి యేసమ్మ కూడా తన ఫారాన్ని అలాగే ఇచ్చేసింది. పార్టీ తరపున ఎవరో ఒకరుంటే చాలుననుకుంది. తీరా ఆ ఫారంతో కూర్చున్న మనిషే, కార్డులో పేరు తేడా ఉందని అభ్యంతరం పెట్టి, ప్రసన్నకుమారి అనే కూలిమనిషిని ఓటు వేయనీయకుండా వెనక్కి పంపించేలా చేశాడు. ఆమె ముఖం యేసమ్మను ఐదేళ్ళు వదల్లేదు.

ఈసారి మాత్రం తనే కూర్చుంటానంది. అరవై ఆరేళ్ళ మనిషి, నలభై ఏళ్ళుగా కూలీల సంఘంలో ఉంది.

ఒక పెద్ద పార్టీ ఏజెంటు గురుప్రసాద్ ఇంటికే వచ్చాడు. ఆమె శనగ కోతకు పోయేది అతని చేనికే. పని ఇవ్వనని అనలేదు గాని, అనకుండానే తెలిసేటట్టు నిలబడ్డాడు.

"పొద్దంతా ఆడ కూర్చోని ఏం జేస్తావు యేసమ్మా? నడుము పోతాది. ఆ ఫారం మావోనికియ్యి."

"నీ చేన్లో వంగినప్పుడు నా నడుము గుర్తుకు రాలేదేందప్పా" అంది యేసమ్మ.

అతనికి నవ్వాగలేదు. ఫారం అడగడం మానుకుని వెళ్ళిపోయాడు.

ఆ మాట అనే ధైర్యం ఆమెకు హుమాయున్ సారు పెట్టిన భిక్ష. సంఘం పని మీద ఆయన ప్రొద్దుటూరు నుంచి సైకిలు మీద వచ్చి, చర్చి వసారాలో సాయంత్రాలు అక్షరాలు నేర్పేవాడు. ఆయన ఏ దేవుణ్ణి నమ్ముతాడో పాస్టరయ్య అడగలేదు, తాళం చేతికిచ్చాడు. సారు చదివి వినిపించే సిద్ధాంతంలో సగం యేసమ్మకు అర్థమయ్యేది కాదు. అర్థమైన సగం ఇదీ: అడగడం తప్పు కాదు, సమంగా కూర్చోవడం తప్పు కాదు. అది చాలు, బతుకంతా నడిచింది.

పోలింగు రోజు పొద్దున ఐదున్నరకే బూత్ పెట్టిన బడికి పోయి, పెద్ద పార్టీల ఏజెంట్లిద్దరితో ఒకే బెంచీ మీద కూర్చుంది. వాళ్ళ ఇళ్ళ అరుగుల మీద ఆమె ఏనాడూ కూర్చోలేదు. మధ్యాహ్నం ప్రసన్నకుమారి వచ్చింది. పేరు తేడా సంగతి ఈసారి రెండో పెద్ద పార్టీ ఏజెంటు గోపీకృష్ణ ఎత్తాడు.

యేసమ్మ లేచి పోలింగు అధికారి వైపు తిరిగింది. "పెండ్లికి ముందు పేరు సార్ అది. ఈమె ఎవరో నాకు తెలుసు. ఈ బెంచీ మీద వీళ్ళకు గూడా తెలుసు. చెప్పమనండి."

గోపీకృష్ణ చీటీల్లోకి తల వంచుకున్నాడు. గురుప్రసాదే మెల్లగా, "ఈ ఊరామేలే సార్" అన్నాడు. అధికారి ఫొటో చూసి పంపించాడు. ప్రసన్నకుమారి వేలి మీద సిరా పడుతుంటే యేసమ్మ కళ్ళు తుడుచుకుంది.

లెక్కింపు రోజు ఫోను వచ్చింది. ఆ బూత్‌లో ఎర్రజెండాకు నాలుగు ఓట్లు. ఒకటి తనది. తక్కినవి ఎవరివని ఆమె ఎవరినీ అడగలేదు. మర్నాడు పనికి పోతూ, దారిలో కనబడిన ప్రతి మనిషినీ ఆపి బాగోగులు విచారించింది. ఆ ముగ్గురూ ఎవరైనా కావచ్చు కదా.