కాయని ఆకాకర తీగ

ఆ రోజు ఆదివారం. నా భార్య శారద కాఫీ తాగి పెరట్లోకి వెళ్లింది. ఆకాకర తీగలను పందిరి మీదికి ఎక్కించి, పాత చీర అంచుతో వదులుగా కట్టింది. లోపలికి వచ్చి, గుండెలో పట్టేసినట్టుంది అంది. ఆటోలో ఆసుపత్రికి తీసుకెళ్లాను. మధ్యాహ్నానికి అంతా అయిపోయింది.

దాని గురించి ఇంతకు మించి రాయలేను. తీగ గురించి రాస్తాను.

మా చిన్నప్పుడు... ఆళ్లగడ్డలో మా ఇంటి వెనక కంపల దడి ఉండేది. తొలకరి పడగానే దాని కింద దాగిన దుంపల నుంచి ఆకాకర మొలిచేది. ఎవరూ నాటింది కాదు. వానాకాలం నడిమికి దడి నిండా పసుపుపచ్చటి పూలు...

ఆ కాయలంటే నాకు ప్రాణం. చక్రాల్లా తరిగి, శెనక్కాయల పొడి చల్లి వేయిస్తే ఆ పూట ఇంకో కూర అడిగేవాణ్ణి కాదు. కానీ అది దొరికేది ఏడాదికి ఒకటి రెండుసార్లే. పిందెలు వేలి కొసంత అయ్యి, పసుపుబారి, రాలిపోయేవి.

మా నాయన శుభ్రమైన రైతు. కలుపు కంటపడితే ఆయనకు నిద్ర పట్టదు. పూయడమే తప్ప ఒక్క పిందె కూడా వేయని తీగలు కొన్ని ఉండేవి. వాటిని దుంపతో సహా పెరికేసేవాడు. "దండగమారి తీగలు! పక్కదాని బలం తింటాండాయి" అనేవాడు.

ఆ తర్వాత మిగిలిన తీగల పిందెలూ రాలేవి. అప్పుడు మా అవ్వ మొదలుపెట్టేది.

"బయటున్నప్పుడు దడి కాడికి పోయింటావ్. నిజం చెప్పు!"

అడిగేది మా అమ్మను. నెలసరి రోజుల్లో ఆడవాళ్లు తీగను తాకితే పిందె నిలవదని మా ఇంట్లో నమ్మకం. అమ్మ "నేను పోలేదత్తా" అనేది. ఎవరూ వినేవారు కాదు. చివరికి నెలలో ఏ రోజైనా సరే, ఆ దడి దగ్గరికి అమ్మ వెళ్లకూడదన్నారు. ఉతికిన బట్టలు ఆరేయడానికి కూడా చుట్టూ తిరిగి అటువైపు నుంచి వెళ్లేది...

శారద మా ఇంటికి కోడలిగా వచ్చిన ఏడాది కూడా నాయన దడి దగ్గర అదే పనిలో ఉన్నాడు. ఆమె చదివింది వృక్షశాస్త్రం. తర్వాత నంద్యాలలో జూనియర్ కాలేజీలో ఆ పాఠమే చెప్పింది. పరుగున వెళ్లి అడ్డం నిలబడింది.

"మామా, అది పోతు తీగ. పీకద్దు."

"ఏందీ? తీగల్లో మగా ఆడా యాడుందమ్మా?"

"ఆకాకరలో ఉండాది మామా. ఇది లేకుంటే అది కాయదు."

"అయితే ఇంగ దీనికి పెండ్లి చేయల్లనా?"

"పెండ్లి పురుగులు చేస్తాయిలే. మీరు పీకకుండా ఉంటే సాలు."

నాయన నవ్వాడు. ఒక్క తీగను వదిలేశాడు, కోడలి మాట కాబట్టి. ఆ ఏడు దడి కాయలతో బరువెక్కింది. ఒకరోజు అమ్మ ఎవరినీ అడగకుండా దడి దగ్గరికి నడిచింది. ఒడి నిండా కోసుకొచ్చింది. అవ్వ చూసింది. లేచి కత్తిపీట తెచ్చి ముందేసుకుంది.

దీనికి పుస్తకంలో ఒక మాట ఉంది. ఏకలింగాశ్రయి. మగ పూలు ఒక మొక్కకు, ఆడ పూలు వేరే మొక్కకు పూస్తే వాడే మాట. ఆకాకర, తాడి అటువంటివి. గుమ్మడికీ మగ పువ్వు వేరు, ఆడ పువ్వు వేరే. కానీ రెండూ ఒకే తీగకు పూస్తాయి. కనుక అది ద్విలింగాశ్రయి. పిల్లలు పరీక్షల్లో ఈ రెండూ తారుమారు చేసి రాస్తే శారదకు విసుగొచ్చేది. "పువ్వును చూసి కాదు, మొక్కను చూసి వాడాల్సిన మాట" అనేది. నేను బీకాం. విని విని నాకే వచ్చేసింది.

మా అక్కకు మాత్రం రాలేదు. ఆమెది వెలుగోడు. శారద పెద్దకర్మకు ముందు మా పెరడు శుభ్రం చేయిస్తూ, పందిరి మీది రెండు తీగల్లో పోతు తీగను దుంపతో సహా తీయించింది. చెత్త బండి దాన్ని తీసుకెళ్లాక నాకు తెలిసింది. ఇప్పుడు ఆడ తీగ రోజూ పూస్తోంది. పువ్వు వెనక ముళ్లముళ్లగా చిన్న పిందె... రెండు రోజులకు పసుపుబారి కింద పడుతోంది.

నెల మాసికానికి అక్క మళ్లీ వచ్చింది. రాలిన పిందెలు చూసి అంది:

"చావు మైల రా. ఆ పొద్దు కడసారి తీగను ముట్టింది శారదనే గదా. ఇంగ పిందె యాడ నిలుస్తాది?"

"పోతు తీగ పీకించింది నువ్వక్కా."

"పీకిస్తే ఏమాయ? ఒక్క కాయన్నా కాసిందా అది?"

"అదే గదా చెప్తాండేది!"

"నీకు మనసు బాగలేదులే నాయనా. రెండు ముద్దలు తిను."

అక్క చెడ్డది కాదు. ఆ పది రోజులూ నాకు అన్నం పెట్టింది ఆమే. కానీ నా భార్య చేయి తగిలి తీగ చెడిందన్న మాట ఈ ఇంట్లో నిలవకూడదు. ముప్పై ఏళ్లు పాఠం చెప్పిన మనిషి. చనిపోయిన నెలకే ఆమె మీదికి ఆ మాటే వచ్చింది... అమ్మను అన్న మాటే.

దడులు పోయాయి, ప్రహరీలు వచ్చాయి. ఆకాకర సంచుల్లో తూకానికి వస్తోంది. ఈ నింద ఒక్కటీ పోలేదు. మీ ఇళ్లలో పిందె రాలితే ఎవరిని అనేవారు? గుర్తుంటే రాయండి.

ఆళ్లగడ్డలో ఒక స్నేహితుడికి ఫోన్ చేశాను. వాళ్ల చేని గట్టు మీద పోతు తీగ పూత మీద ఉందట. రేపు పొద్దున్నే మొదటి బస్సుకు వెళ్తాను. పూలు కోసి తడిగుడ్డలో చుట్టుకొని, ఒక దుంప కూడా తవ్వుకొని వస్తాను. దుంప నాటుతాను. పూలు మాత్రం అక్కను పక్కన నిలబెట్టుకొని, ఆమె చేతే ఆడ పూలకు తాకిస్తాను.