తాడు పట్టుకున్నవాడి పేరు

మా చిన్నప్పుడు పట్టిసీమ రేవులో నూకరాజు నీళ్లలోకి దూకితే, పైన పడవలో తాడు పట్టుకున్నది నేను... ఇంకెవరూ కాదు. ఇప్పుడు వాడు సముద్రం అడుగున సినిమాలు తీసే పెద్దమనిషి. టీవీలో ఎన్నిసార్లు కనబడ్డాడో! ఒక్కసారైనా నా పేరు చెప్పాడా? "ఒక స్నేహితుడు" అంటాడు. ఆ స్నేహితుడికి పేరు లేదా? ఏళ్ల తరబడి నాకిదే మంట.

నేను చెబుతుంటే మా మనవరాలు ఫోన్లో రాస్తోంది, అందరూ చదివేలా పెడుతుందట. నాకు సంతకం వరకే వచ్చు. పడవ మాత్రం ఈ వయసులోనూ ఒకరి సాయం లేకుండా నడుపుతాను.

మా రెండిళ్లూ చేపల మీదే బతికేవి. నూకరాజుకు చేపలు పట్టడం కంటే వాటిని చూడటమే పిచ్చి. ఇంట్లో దేవుడి పటం అద్దం ఊడబీకి, నూనె డబ్బా అడుగు కోసి అక్కడ బిగించాడు. పడవల చిల్లులకు పూసే గుగ్గిలంతో అంచులు మూశాడు. ఆ డబ్బా నీళ్ల మీద పెట్టి మొహం దూర్చితే గోదారి అడుగు కనబడేదట... నాకు ఇస్తేగా!

"తాడు పట్టినోడు డబ్బాలో చూడకూడదురా. చూశావంటే నన్ను మర్చిపోతావు" అనేవాడు.

వాడికి ముందే తెలుసు చూశారా...

భక్తులు స్నానాలు చేస్తూ బిందెలూ చెంబులూ జారవిడుచుకునేవారు. అవి తీసిపెట్టడం మా పని. తొందరగా మునగాలని వాడు మొలకు రాయీ, నా చేతిలోని తాడు రెండో కొసా కట్టుకునేవాడు. కింద రెండుసార్లు తాడు లాగితే నేను పైకి లాగాలి. నేను లాగకపోతే వాడు రాలేడు.

ఒక వేసవి మధ్యాహ్నం ఒకావిడ ఇత్తడి బిందె జారిపోయింది. వాడు దూకాడు. డబ్బా నా పక్కనే ఉంది... నీళ్లు తేటగా ఉన్నాయి. ఒక్కసారి చూస్తే ఏం పోతుందిలే అనుకున్నాను. తాడు పడవ గూటానికి చుట్టి, డబ్బాలో మొహం పెట్టాను.

అబ్బ... ఏం చెప్పను! పచ్చటి వెలుగు. ఇసుక మీద అలల నీడలు పాకుతున్నాయి. సన్న చేపల గుంపు తళుక్కుమని తిరిగింది. వాటి మధ్య నూకరాజు, జుట్టంతా పైకి తేలుతూ... వాడి చెయ్యి తాడు లాగింది. ఒకటి. రెండు.

చూశాను. చూస్తూనే ఉన్నాను. నన్ను పిలుస్తున్నాడని తోచలేదు. అందంగా ఉంది, అంతే.

"తాతయ్యా, ఇది కూడా రాయమంటావా?" అంటోంది మనవరాలు.

రాయవే.

వాడి చెయ్యి తాడు వదిలేశాక నాకు తెలివొచ్చింది. పైకి లాగేసరికి ముక్కులోంచి, ఎడమ చెవిలోంచి రక్తం... బతికాడు. ఆ చెవి మాత్రం మళ్లీ వినలేదు.

వాళ్ల నాన్న నా భుజాలు పట్టి ఊపేశాడు. "ఒరేయ్ సూరిగా, నిజం చెప్పు. ఆడు తాడు లాగాడా లేదా?"

"లేదు బాబాయ్. లాగితే నేను తీయనా?"

నూకరాజు చాప మీద పడుకుని నా వంకే చూశాడు. వాళ్ల నాన్న వాడి మీద విరుచుకుపడ్డాడు. "తాడు కూడా గుర్తులేనంతగా ఏం చూశావురా ఆ నీళ్లలో?" అంటూ డబ్బాను కాలితో తొక్కి పగలగొట్టాడు. మరుసటి ఏడు వాడు కాకినాడ వెళ్లి మరపడవల్లో పనికి చేరాడు. మళ్లీ రేవుకు రాలేదు.

మొన్న టీవీలో ఒకమ్మాయి అడిగింది, "మీ ఎడమ చెవి ఎలా పోయిందండి?" అని.

వాడు నవ్వాడు. "తప్పు నాదేనండి. చేపల్ని చూస్తూ తాడు లాగడం మర్చిపోయాను. పైనున్న స్నేహితుడు, పాపం, వాడికేం తెలుసు?"

పాపమట! ఆ పూట నాకు అన్నం సహించలేదు.

ఇప్పటి పిల్లలు మంచం మీద పడుకుని ఫోన్లో సముద్రం అడుగు చూసేస్తున్నారు... మాకు రేవంతటికీ ఒక్కటే డబ్బా. దాన్ని పగలగొట్టించింది నేను. మీరూ చిన్నప్పుడు ఎవరి మీదైనా తప్పు తోసేసి ఉంటే, వాళ్లుండగానే ఇక్కడ చెప్పేయండి. నూకరాజును ఎరిగినవాళ్లుంటే వాడికి ఇది చూపించండి.

ఒరేయ్ నూకరాజూ, నువ్వు తాడు లాగావు. రెండుసార్లు. నేను చూశాను. ఇకమీదట ఎవరైనా అడిగితే సూరయ్య అని పేరు పెట్టి చెప్పు.

అంతా గుర్తుండే నన్ను కాస్తున్నావా? లేక నా అబద్ధమే నిజమనుకుని ఇన్నేళ్లూ తిరిగావా? శివరాత్రికి పట్టిసీమ రేవులో పడవ మీదే ఉంటాను. ఆలోపు నాకు జవాబు కావాలి.